వాది పోయాడు, వాయిదా పోలేదు

మన సివిల్ కోర్టుల్లో మనిషికి చావుంది గానీ దావాకు లేదు. హక్కు మిగిలి ఉంటే పార్టీ పోయినా కేసు పోదని 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్, 22వ ఆర్డరులో అభయమిచ్చింది. గట్టు తగాదా పెట్టిన పెద్దాయన పోతే గట్టు పోదు కదా!

గమ్మత్తంతా గడువులోనే. ఆ గట్టు ఎవరిదో తేల్చడానికి కోర్టు ఇరవై ఏళ్లు తీసుకున్నా దానికి కాలదోషం పట్టదు. వారసులు కేసులో చేరడానికి మాత్రం లిమిటేషన్ చట్టం ఇచ్చేది 90 రోజులు. అది దాటిందా, ఎవరూ ఉత్తర్వు ఇవ్వకుండానే కేసు అబేట్, అంటే దానంతటదే ముగిసిపోతుంది! కోర్టులో ఇంత చురుగ్గా జరిగే పని ఇదొక్కటే. ఆ అబేట్‌మెంట్‌ను రద్దు చేయించుకోడానికి ఇంకో 60 రోజులు. అదీ దాటితే ఆలస్యం మన్నించమని ఒక పిటిషన్, అబేట్‌మెంట్ కొట్టేయమని మరొకటి, వారసుల్ని చేర్చమని మూడోది. ఆలస్యానికి తగిన కారణం చూపాలట. ఎవరు? తద్దినాలు పెట్టుకుంటున్న వాళ్లు.

వాయిదా రోజున బంట్రోతు గుమ్మంలో నిలబడి పోయినాయన్ని పేరుపెట్టి మూడుసార్లు పిలుస్తాడు. ప్లీడరు లేచి, "పార్టీ చనిపోయారండీ, ఎల్లార్ స్టెప్స్‌కి టైం" అంటాడు. ఎల్లార్ అంటే చట్టం దృష్టిలో వారసులు. బెంచి క్లర్కు తలెత్తకుండానే తేదీ వేసేస్తాడు. ఇక ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ కోసం మీసేవ చుట్టూ, తహసీల్దారు చుట్టూ ప్రదక్షిణలు. అమెరికాలో ఉన్న కూతురు వకాల్తా మీద సంతకం పెట్టనందా, ఆవిణ్ణి ప్రతివాదిగా చేర్చేస్తారు. నాన్న వేసిన దావాలో కన్నకూతురు అవతలి పక్షం!

ప్రతివాది పోతే మరీ విచిత్రం. అతగాడి వారసుల్ని 90 రోజుల్లో చేర్చాల్సిన పూచీ వాదిదే. పార్టీ పోతే కోర్టుకు చెప్పాలని ఆ పార్టీ ప్లీడరుకు 1976లో ఒక బాధ్యత తగిలించారు గానీ, గడువు మాత్రం పోయిన రోజు నుంచే నడుస్తుంది. అంచేత మాటల్లేని పొరుగువాడి వాకిట్లో షామియానా లేచిందేమోనని వాది రోజూ తొంగి చూసుకోవాలి. పగవాడి యోగక్షేమాలు ఇంత శ్రద్ధగా కనిపెట్టమన్న శాస్త్రం మరొకటి లేదు.

విడాకుల పిటిషన్ సంగతి వేరు. తీర్పు రాకముందే ఒకరు పోతే అదీ వాళ్లతోనే పోతుంది. కోర్టు ఏళ్ల తరబడి తేల్చలేనిది యముడు ఒక్క వాయిదాలో తేల్చేస్తాడు.

ఒక్క వెసులుబాటుంది. వాదనలు ముగిశాక, తీర్పు చెప్పేలోగా పార్టీ కన్నుమూస్తే కేసు అబేట్ కాదు. ఆ తీర్పు బతికుండగా చెప్పినట్టే చెల్లుతుంది. కాబట్టి కక్షిదారులారా, మందులు వేళకు వేసుకోండి, ఆర్గ్యుమెంట్లు అయ్యేదాకా కాస్త ఓపిక పట్టండి.