అరె అంటే అది

జపనీస్ నేర్చుకునేవాళ్ల తొలి సంభాషణల్లో ఇద్దరు కలుస్తారు, ఒకరి మాట ఒకరు పూర్తిగా వింటారు, ఎవరూ మధ్యలో అందుకోరు. పుస్తకాల లెక్కలో నిత్యజీవితమంటే ఇదే. 1998లో వచ్చిన ‘మిన్నా నో నిహొంగో’ పాఠ్యపుస్తకంలో మొదట పరిచయమయ్యేది మిల్లర్ అనే అమెరికన్ ఉద్యోగి. చార్మినార్ నీడలో పెరిగిన కుర్రాడికి జపాన్‌వాళ్ల కంటే ముందు ఆయన కొలువు కంఠతా వస్తుంది.

తెలుగువాళ్లకు ఈ భాష నల్లేరుపై నడకేనని నేర్పేవాళ్లు ఊరిస్తారు. సగం నిజమే. క్రియ చివరికొస్తుంది, విభక్తి నామం వెనక నిలబడుతుంది. ‘చార్మినార్ ని ఇకిమాస్’ అంటే చార్మినార్‌కి వెళ్తాను. ‘గారు’లాగే ‘సాన్’ కూడా సొంత పేరుకి తగిలించుకుంటే నవ్వులపాలే. చిక్కంతా ‘ఇది’, ‘అది’ దగ్గర. చెప్పేవాడి దగ్గరున్నది కొరె, వినేవాడి దగ్గరున్నది సొరె, ఇద్దరికీ దూరమైనది అరె. పాతబస్తీలో గట్టిగా ‘అరె’ అని సాధన చేస్తే నలుగురు వెనక్కి తిరిగి ‘క్యా?’ అంటారు. అవుననడానికి జపనీస్‌లో ‘హై’, ఇక్కడ ‘హౌ’. ఆ మాత్రం తేడా సర్దుకుపోవచ్చు.

కొనుగోలు పాఠం మాత్రం సర్దుకుపోదు. ‘ఇకురా దెస్ కా’ అని ధర అడగాలి, చెప్పిన ధర వినాలి, ‘కుదసాయ్’ అని తీసుకోవాలి. నాలుగు వాక్యాల్లో బేరమే లేని బేరం. జపాన్ దుకాణాల్లో అలాగే చెల్లుతుంది కాబట్టి అక్కడికది నిజాయితీగల పాఠమే. లాడ్‌బజార్‌లో రాళ్లు పొదిగిన లక్క గాజుల జత ముందు అసలు సంభాషణ ధర విన్నాకే మొదలవుతుంది. పెదవి విరవాలి, గాజులు కింద పెట్టాలి, మెట్టు దిగాలి. వెనక నుంచి ‘సునో బాజీ’ అని వినపడేదాకా నడవాలి. ఈ నడకకు ఏ తొలి పాఠంలోనూ క్రియాపదం ఉండదు.

తరగతిలో జతగాడి జవాబు ముందే తెలుసు, అదే పేజీలో అచ్చయి ఉంటుంది. టోక్యో దుకాణంలో మాత్రం గుమస్తా సంచి కావాలా అని గబగబా మర్యాదగా అడుగుతాడు. 2020 జులై నుంచి అక్కడ ప్లాస్టిక్ సంచికి డబ్బు కట్టాలి మరి. ఆ ప్రశ్న పుస్తకంలో లేదు గనక, మన కుర్రాడి నోట తాను విద్యార్థినని జవాబొస్తుంది.

ఇంత నోటిసాధనకూ గీటురాయి 1984లో మొదలైన జపనీస్ భాషా సామర్థ్య పరీక్ష జేఎల్‌పీటీ. దాని తొలిమెట్టు ఎన్5కి 180 మార్కుల్లో కనీసం 80 రావాలి. పదాలు, వ్యాకరణం, చదవడం, వినడం అన్నీ ఉంటాయి. మాట్లాడే పరీక్ష లేదు. రెండేళ్లు సంభాషణ వల్లించినవాళ్లు పెన్సిలు చెక్కుకుని, నోరు మూసుకుని గళ్లు నింపి వస్తారు.