మూడు జూమ్‌లు, ఒక ఉరుము

"నవల చావలేదు, టీవీ సీరియల్‌గా మారింది" అన్నాడు మొన్నొక సభలో ఓ పెద్దమనిషి. అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టా, పక్కవాళ్లు చూస్తున్నారు మరి.

మా ఊరు అర్ధవీడు వచ్చి ఆ మాట మా పెద్దమ్మకు చెప్పా. ఆమె కందులు చెరుగుతోంది. "నాలుగు రోజులు కరెంటు లేదబ్బయ్యా, ఏం పోలే. మళ్లా పెడితే ఆ పిల్ల అదే గుమ్మంలో, అదే చీరలో ఏడుస్తానే ఉంది" అంది.

'కార్తీకదీపం' సంగతే చూడండి. 2017లో స్టార్ మాలో మొదలై 2023 జనవరి దాకా 1569 ఎపిసోడ్లు. సరుకు మలయాళం 'కరుత్తముత్తు' నుంచి దిగింది. కథంతా ఒక్క అనుమానం చుట్టూనే: ఈ పిల్ల నా పిల్లేనా? ఆ అనుమానం వచ్చింది ఏ మేస్త్రీకో కాదు, డాక్టరుకు! డీఎన్‌ఏ పరీక్ష అనేదొకటుందని మా ఊరి ఆర్‌ఎంపీకి తెలుసు, డాక్టర్‌బాబుకు మాత్రం ఏళ్ల తరబడి తట్టదు. తడితే ఆయన పెళ్లాం వంటలక్క ఎన్నాళ్లు ఏడుస్తుంది పాపం?

నవలలో మనసు కలత పడితే రచయిత్రి అర పేజీ మాటలు వెతుక్కోవాలి. ఇక్కడ మొహం మీదికి మూడు జూమ్‌లు, ఒక ఉరుము చాలు. తర్వాత అక్కడున్న తొమ్మిది మంది మొహాలకూ తలా ఒకటి. చెంపదెబ్బకు చెయ్యి లేచేటప్పుడు అన్నానికి కూర్చుంటే, చెయ్యి కడుక్కునేసరికీ దెబ్బ పడదు.

అట్లని పత్రికల సీరియళ్లు వేదాలని నేననను. 1960ల్లో 'జ్యోతి' మాసపత్రికలో వచ్చిన యద్దనపూడి 'సెక్రటరీ' నాటి నుంచీ ఆరడుగుల అందగాడూ, కారూ, మేడా ఉన్నవే. టీవీవాళ్లు వారసత్వంగా పట్టుకుపోయింది ఆ మేడనే. మనుషులను అక్కడే వదిలేశారు. మంజులా నాయుడు మాత్రం యద్దనపూడి నవల ఆధారంగా దూరదర్శన్‌కు 'ఋతురాగాలు' తీస్తే జనం కళ్లప్పగించి చూశారు. మరి నవల టీవీకి పనికిరాదని ఎవరన్నారు?

మా అటక మీద ఓ పుస్తకముంది. కంభం నుంచి బస్సులో వచ్చిన వారపత్రికల్లోని సీరియల్ కాగితాలు కత్తిరించి, దబ్బనంతో కుట్టి, మైదా పిండితో అట్ట వేసింది పెద్దమ్మే. కొన్ని పేజీల వెనక సగం తెగిన పదకేళి. మధ్యలో ఒక్క వారం లేదు. ఆ వారం ఏం జరిగుంటుందో ఇంట్లో ఒక్కొక్కరు ఒక్కో రకంగా అల్లుకున్నారు.

నిన్న రాత్రి టీవీలో చెయ్యి లేచింది, ఉరుము ఉరిమింది. పెద్దమ్మ అటు చూడనన్నా చూడకుండా, "ఆ వారం పుస్తకం తీసకపోయిన మనిషి ఇంతవరకూ తిరిగియ్యలేదబ్బయ్యా" అంది. ఆ మనిషి పోయి ఇరవై ఏళ్లు.