బతికున్నట్టు రుజువు: ప్రొఫెసర్ రామదాసు గారికి ఒక అర్జీ

మహారాజశ్రీ కాలయంత్ర నిర్మాత ప్రొఫెసర్ రామదాసు గారి దివ్య సముఖమునకు,

బెల్లంపల్లి నుంచి ఒక రిటైర్డ్ సింగరేణి కార్మికుని కొడుకు నమస్కరించి వ్రాయు బహిరంగ లేఖ. ఇక్కడ మేమంతా క్షేమం. మా బాపు మాత్రం కాలం చేసినట్టు మొన్న బుధవారం తెలిసింది. ఆ కబురు వచ్చినప్పుడు ఆయన నా పక్కనే కూర్చుని సోడా తాగుతున్నాడు.

1991లో సింగీతం శ్రీనివాసరావు గారు 'ఆదిత్య 369'లో తమరి చేత కాలయంత్రం చేయించినప్పటి నుంచి, ఉన్న లోకాన్ని చింపి మళ్లీ కుట్టే విద్యలో తమరిని మించినవారు లేరని మా నమ్మకం. 2025లో ఆ సినిమా మళ్లీ థియేటర్లకు వస్తే ఆ నమ్మకం ఇంకా ముదిరింది. అందుకే కింది అధికారులను దాటుకుని నేరుగా తమరికే మొర పెట్టుకుంటున్నాను. తమరి యంత్రానికి తాత వంటిది మా ఊళ్లోకి వచ్చింది. అరచేతిలో పడుతుంది. అద్దం ముక్క, దాని కింద ఎర్ర లైటు. నవంబరు వస్తే పింఛనుదారు దాని మీద వేలు పెట్టాలి. పచ్చ టిక్కు పడితే లోకం యథాస్థితి, మనిషి బతికున్నాడు, పింఛను పడుతుంది. ఎర్ర అక్షరాలు పడితే...

ఎర్ర అక్షరాలే పడ్డయి సార్.

బొటనవేలు పెట్టిండు, రాలే. చూపుడువేలు పెట్టిండు, రాలే. తుడిచి పెట్టమన్నరు, తుడిచిండు. తడి చేయమన్నరు, నాలుకకు అద్దుకున్నడు. "నీ వేళ్లు వస్తలేవు కాకా" అన్నడు కౌంటర్ కాడి పిలగాడు. ఎట్ల వస్తయి? బొగ్గు బాయి దిగిన వేళ్లు అవి. బాపు టింబర్‌మన్. బొగ్గు తీసిన కాడ పైకప్పు కూలకుండ కట్టె దిమ్మెలు నిలబెట్టినోడు. ఆయన నిలబెట్టిన కప్పు కింద ఎంతమంది షిఫ్టు చేసి ఇంటికి పోయి అన్నం తిన్నరో! కట్టె రాసుకుని, బండ రాసుకుని, ఇనుము రాసుకుని వేళ్ల గీతలు అరిగినయి. మిగిలినయేమన్న ఉంటే ముసలితనం ఎండగొట్టింది, పైనుంచి చలికాలం. బెల్లంపల్లిల ఏ రిటైర్డ్ కార్మికుని చెయ్యి పట్టుకున్నా ఈ సంగతి తెలుస్తది. చెయ్యి పట్టుకునేటోడు ఉంటే కదా! అద్దం ముక్కను మా మీదికి తోలి ఏసీల కూసున్నరు దొంగ...

క్షమించాలి. మర్యాద తప్పింది. మళ్లీ తమరి సన్నిధికి వస్తున్నాను.

తమరి యంత్రం సినిమా హీరో కృష్ణకుమార్‌ను 1526కు తీసుకుపోయింది. రాయలవారి కొలువులో ఏ ద్వారపాలకుడూ "ముందు వేలు పెట్టు, ఉన్నవో లేవో చూద్దాం" అనలేదు. నిజానికి కృష్ణకుమార్ అప్పటికి పుట్టనే లేదు! తిరుగు ప్రయాణంలో అది చెడి 2504లో తేలినా, ఎక్కిన మనుషులు మనుషులుగానే దిగారు. చెడిపోవడంలో కూడా ఒక పద్ధతి ఉండేది. ఈ డబ్బా తను చెడిపోయినా ఆ మాట అనదు, మనిషే లేడంటది.

ఉత్తరప్రదేశ్‌ ఆజంగఢ్ జిల్లా లాల్ బిహారీ ముచ్చట తమరికి ఎరుకే. 1975 నుంచి 1994 దాకా సర్కారు కాగితాల్లో చచ్చి, పేరు వెనక 'మృతక్' అని తగిలించుకుని, తనలాంటోళ్లకు సంఘం పెట్టిండు. ఆయనకు తిట్టడానికి భూమి కోసం ఆశపడ్డ చుట్టాలన్న ఉన్నరు. మేం ఎవర్ని తిట్టాలె? కౌంటర్ పిలగాన్నా? సర్వర్ రాక ఆడే ఏడుస్తుండు.

2021 నుంచి ముఖం చూపెడితే చాలట, అదీ చూపెట్టినం. కండ్లు ఆర్పుమన్నది, ఆర్పిండు. వెలుతురు చాలదన్నది. బయటికి తీస్కపోతే వెలుతురు ఎక్కువైందన్నది. బాయిల టోపీ లైటు వెలుగుకే మనుషుల్ని గుర్తువట్టిన ఆయన అది చూసి నవ్విండు. నాకు నవ్వు రాలే.

లోకం తలకిందులవుడు మా ఊరికి కొత్తేం కాదు లెండి. 2016 అక్టోబరులో రాత్రి ఆదిలాబాద్ జిల్లాల పండుకుని, తెల్లారి మంచిర్యాల జిల్లాల లేచినం. సింగరేణిల 'బెల్లంపల్లి ఏరియా' అని ఉంటది, దాని జీఎం ఆఫీసు గోలేటిల, అంటే ఇంకో జిల్లాల. మా ఊరి బాయిలు చాన మట్టుకు మూతబడ్డయి, పేరు మాత్రం తిరుగుతనే ఉన్నది. అన్నిటికీ అలవాటు పడ్డం. ఊరు ఎటు పోయినా మనిషి ఉన్నడు కదా అనుకున్నం.

సార్, ఇగ ఎటకారం నాతోని కాదు. బాపుకు బీపీ గోలీలు, షుగర్ గోలీలు ఆ పింఛను పైసలతోనే వస్తయి. కాగితం మీద రాయించుకుని రమ్మని ఒక కిటికీల అంటరు, అది బంద్ అయిందని పక్క కిటికీల అంటరు. ఎదురుంగ నిలబడి దండం పెడుతున్న మనిషిని కండ్లతోని చూసి, "ఈయన బతికున్నడు" అని ఒక్క సంతకం పెట్టే అధికారి కావాలె. ఇంకేం అడుగుతలేం. ఒక్క సంతకం.

అది కూడా కుదరదంటే తమరి యంత్రం ఒక్క పూట కిరాయికి ఇయ్యండి. రాయలవారి కాలం దాక అక్కర్లే. బాపు మొదటిసారి బాయి దిగిన నాటికి ఒక్కరోజు ముందుకు పోయి, పది వేళ్ల ముద్రలు తీస్కొని వస్త. డీజిల్ ఖర్చు మాదే.

ఇట్లు,
మృతుని కుమారుడు,
బెల్లంపల్లి,
ఆదిలాబాద్ లేదా మంచిర్యాల జిల్లా, తమరి కంప్యూటర్ ఏది తీసుకుంటే అది.