నా తొమ్మిదో పాట

నేనొక సీడీని. పుట్టింది 2009లో. ప్లాస్టిక్ బిళ్ల, పైన పలచని అల్యూమినియం పూత, ఆ పైన రంగుల అచ్చు. నా పుట్టుక గురించి అంతకుమించి చెప్పేదేమీ లేదు. నా విలువంతా నేను మోసిన గొంతుది. అది డెట్రాయిట్ ర్యాపర్ ఎమినెమ్‌ది. నా పేరు ‘రిలాప్స్’.

2004 తర్వాత నేను వచ్చేదాకా పూర్తి కొత్త ఆల్బమ్ ఆయన నుంచి రాలేదు. ఆ మధ్యకాలంలో నిద్రమాత్రలు, నొప్పి మాత్రలు ఆయన్ను లొంగదీసుకున్నాయి. 2006లో ప్రాణస్నేహితుడు ప్రూఫ్ తుపాకీ కాల్పుల్లో చనిపోయాడు. 2007 డిసెంబరులో మెథడోన్ అనే మందు మోతాదు మించి, ఆయనే చావు దాకా వెళ్లాడు. 2008 ఏప్రిల్ నుంచి మత్తు జోలికి పోకుండా నిలబడ్డాడు. నా అట్ట మీద ఆయన ముఖాన్ని మాత్రలు పేర్చినట్టుగా చూపించారు. తన జబ్బును ఊరందరికీ కనిపించేలా ముఖచిత్రం చేసిన మనిషిని మోశాను. ఆ గర్వం నాకు ఇప్పటికీ ఉంది. 2010లో ఉత్తమ ర్యాప్ ఆల్బమ్‌గా గ్రామీ కూడా నాకే వచ్చింది.

నాలో 20 ట్రాకులున్నాయి. తొమ్మిదోది ‘వి మేడ్ యు’. నాకంటే ముందే, ఏప్రిల్‌లో జనంలోకి వెళ్లిన పాట అది. వీడియో తీసింది జోసెఫ్ కాన్. సినిమా తారలు, రియాలిటీ షోల వాళ్లు, ముందు ఏడాదే ఉపాధ్యక్ష పదవికి పోటీ చేసిన సారా పాలిన్, ఎవరినీ ఎగతాళి చేయకుండా వదల్లేదు ఆ పాట. అమెరికా పాటల పట్టిక బిల్‌బోర్డ్ హాట్ 100లో తొమ్మిదో స్థానానికి చేరింది. ఎంటీవీ పురస్కారాల్లో ఉత్తమ హిప్‌హాప్ వీడియో అయింది.

నన్ను కొన్న కుర్రాడిది డెట్రాయిట్ శివారు. కారెక్కగానే ఎనిమిదీ దాటించి తొమ్మిదోదే పెట్టేవాడు. స్నేహితులంతా పగలబడి నవ్వేవారు. నాలో పదిహేడోది ‘బ్యూటిఫుల్’. 2005లో మత్తు మాన్పించే కేంద్రంలో ఉండగా ఆయన రాయడం మొదలుపెట్టిన పాట. అంతదాకా ఆ కుర్రాడు నన్నెప్పుడూ తిరగనివ్వలేదు. నాకు వాడి మీదున్న కోపం ముఖ్యంగా ఇదే.

తొమ్మిదో పాట చివర బ్రిటిష్ గాయని ఎమీ వైన్‌హౌస్ పేరెత్తి, మత్తు మాన్పించే కేంద్రం మీద పరాచికం ఉంది. ఆడినవాడికి ఆ నరకం తెలుసు. నవ్వినవాళ్లకు తెలియదు. 2011 జులై 23న లండన్‌లోని తన ఇంట్లో ఎమీ చనిపోయింది. మద్యం ఒంట్లో మితిమీరి ప్రాణం తీసింది. వయసు 27. ‘వి మేడ్ యు’ అంటే ‘నిన్ను తయారుచేసింది మేమే’ అని. తారలను ఎక్కించేదీ చూసేవాళ్లే, పడిపోతుంటే గుమిగూడేదీ చూసేవాళ్లే. పాటలోని దెబ్బ తమకూ తగలాలని కారులో ఒక్కరికీ తోచలేదు.

వాడు నన్ను చూసుకున్న తీరు కూడా అంతే. ఎండలో డ్యాష్‌బోర్డు మీద పడేసేవాడు. మరకైతే చొక్కా అంచుతో గుండ్రంగా రుద్దేవాడు. సీడీని మధ్య నుంచి అంచు వైపుకు నేరుగా తుడవాలి. గుండ్రంగా పడ్డ గీత ట్రాకు వెంబడే సాగి, పాటను ముక్కలు చేస్తుంది. నా తొమ్మిదో పాట తడబడ్డం మొదలైంది. అది వాడికి నచ్చిన పాటే. తర్వాత పాటలన్నీ ఫోనులోకి వెళ్లాయి. కొత్త కారులో నన్ను పెట్టే చోటే లేదు. పాత సామాన్లు అమ్మేరోజు అట్టపెట్టెలో వాకిట్లో పెట్టారు. ఎవరూ కొనలేదు. ఇప్పుడు పెరట్లో చెర్రీచెట్టుకు దారంతో వేలాడుతూ పిట్టలను బెదిరిస్తున్నాను. నా అట్ట ఎక్కడుందో తెలియదు.

నన్ను పారేసినందుకు ఏడవడం లేదు. సగమే విని పారేసినందుకే బాధ. నాలాంటి సీడీ మీ అటకమీద ఉంటే దింపి, తుడిచి, తొమ్మిదోది వినండి, నవ్వొస్తే నవ్వండి. ఆ తర్వాత పదిహేడో పాట దాకా కూర్చోండి. ఏ పతనం చూసి నవ్వామో, ఆ బాధే పడ్డ మనిషి గొంతు అక్కడ వినిపిస్తుంది.