ఒక్కరోజులో వికారాబాద్, తాండూరు: ఏమీ చూడకుండా తిరిగొచ్చే పద్ధతి

చిన్న బృందం అంటే ఆరుగురు. ఏడుగురైతే ఇన్నోవా వెనక సీటు మీద పంచాయితీ మొదలవుతుంది, నలుగురైతే తలా కిరాయి ఎక్కువ పడుతుంది. ఆరుగురిలో ఒకరు ఫొటోలు తీయాలి, ఒకరు పాటలు పెట్టాలి, ఒకరు ఘాట్ రోడ్డు రాకముందే కడుపులో తిప్పుతోందనాలి, ఒకరు గంటకోసారి తిరుగు ప్రయాణం ఎన్నింటికని అడగాలి. మిగతా ఇద్దరు నిద్రపోతారు. ఎవరిని ఎక్కించుకున్నా పర్వాలేదు గానీ తాండూరు పక్క పుట్టినవాణ్ని మాత్రం ఎక్కించుకోకండి. వాడు మలుపుమలుపుకీ అద్దం దించి “అగో, అది చూడుండ్రి” అంటాడు. చూడాల్సి వస్తుంది.

పొద్దున ఐదింటికి బయల్దేరుదామని ముందురోజు రాత్రి వాట్సాప్‌లో అందరూ ఒప్పుకోవాలి. తొమ్మిదిన్నరకు బయల్దేరాలి. దారి సులువే. అప్పా జంక్షన్ దాటి బీజాపూర్ రోడ్డు పట్టుకుంటే మొయినాబాద్, చేవెళ్ల, మన్నెగూడ, అక్కణ్నుంచి వికారాబాద్. చేవెళ్ల దగ్గర రోడ్డుకు అటూ ఇటూ ముసలి మర్రిచెట్లు కనబడతాయి. రోడ్డు వెడల్పు కోసం వీటిని కొట్టాలా వద్దా అని గ్రీన్ ట్రిబ్యునల్లో ఏళ్లతరబడి వాదన నడిచింది. మీరు ఆ నీడలో కారు ఆపి, ఊడలు పట్టుకుని ఊగి, ఫొటోలు దిగండి. మళ్లీ కారెక్కి పావు కిలోమీటరు పోకముందే ఈ రోడ్డు నాలుగు లైన్లు ఎప్పుడవుతుందో అని విసుక్కోండి. రెండూ మనస్ఫూర్తిగా చేయాలి.

రైల్లో మాత్రం వెళ్లకండి. సికింద్రాబాద్ నుంచి వాడి జంక్షన్ దాకా ఈ లైను 1874లో పడింది. బొంబాయి, మద్రాసుల మధ్య నడిచే పెద్ద లైనుకు నిజాం రాజ్యాన్ని కలిపిన పట్టాలివి. అంటే హైదరాబాదుకు రైలు వచ్చిన దారే వికారాబాద్, తాండూరుల మీదుగా ఉంది. టికెట్టు తీసుకుని కిటికీ పక్కన కూర్చుంటే చాలు, సగం చరిత్ర ఖర్చు లేకుండా కళ్ల ముందు నుంచి పోతుంది. అందులో మజా ఏముంది? పైగా పల్నాడు ఎక్స్‌ప్రెస్‌లో గుంటూరు నుంచి వచ్చినవాళ్లు మీ పక్కన కూర్చుని మాటల్లోకి దించుతారు. వాళ్లకు వికారాబాద్ అంటే రైలు బోర్డు మీద రెండో పేరు. సున్నపురాళ్ల సీమలో బయల్దేరి, సున్నపురాళ్ల సీమ అంచున ఆగే బండి అది. ఈ ముక్క మీకు అక్కర్లేదు, వదిలేయండి.

వికారాబాద్ ఊళ్లో ఆగకూడదు. ఈ ఊరికి పేరిచ్చిన వికార్-ఉల్-ఉమ్రా పైగా వంశీకుడు, 1890లలో హైదరాబాదు దివాను. ఫలక్‌నుమా కట్టించింది ఆయనే. అంత ఖర్చుపెట్టి కట్టుకున్నదాన్ని చివరికి ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్‌కు అప్పజెప్పాడు. ఆ ప్యాలెస్‌లో ఒక సాయంత్రం టీకి వేలు పోసి, కప్పు ఫొటో స్టేటస్‌లో పెట్టుకున్నవాళ్లు మీ ఆరుగురిలో ఒకరైనా ఉంటారు. ఆయన పేరున్న ఊళ్లో బస్టాండు పక్కన చాయ్ తాగడం వాళ్ల హోదాకు తగదు. బైపాస్ ఎక్కించమనండి.

అనంతగిరిలో మాత్రం ఆగాలి, ఎందుకంటే అందరూ అక్కడే ఆగుతారు. గుట్ట మీద అనంత పద్మనాభస్వామి గుడి ఉంది. ఈ గుట్టలకు ముచుకుందుడి కథ చెబుతారు. దేవతల పక్షాన ఎన్నో ఏళ్లు యుద్ధం చేసి అలసిపోయిన ఆ రాజు, ఇక నన్నెవరూ లేపకూడదు, లేపినవాడు భస్మం కావాలని వరం పుచ్చుకుని ఒక గుహలో పడుకున్నాడు. కృష్ణుడు కాలయవనుణ్ని ఉపాయంగా ఆ గుహకు తీసుకొచ్చాడు. పడుకున్నవాణ్ని కాలయవనుడు కాలితో తన్ని లేపాడు, బూడిదయ్యాడు. తర్వాత కృష్ణుడి కాళ్లు కడిగిన నీళ్లే ముచుకుంద నదిగా, అంటే మన మూసీగా పారాయని స్థల పురాణం. కాబట్టి బ్లూటూత్ స్పీకరు పూర్తి సౌండులో పెట్టడానికి ఇంతకన్నా మంచి చోటు దొరకదు. వరం గడువు ఇంకా ఉందో లేదో తేలిపోతుంది.

ఇక మూసీ. హైదరాబాదులో చాదర్‌ఘాట్ వంతెన మీద కారు అద్దాలు ఎత్తి, ముక్కు మూసుకుని దాటే నది ఇక్కడ పుడుతుంది. ఇక్కడ అదే నీళ్లు దోసిట్లోకి తీసుకుని కళ్లకు అద్దుకోండి. పుట్టినచోట దండం, పెరిగినచోట డ్రైనేజీ. ఈ రెండింటికీ మధ్య ఏం జరిగిందని అడిగేవాడు బృందంలో ఉంటే వాడికి మొక్కజొన్న కంకి కొనిపెట్టి నోరు మూయించండి. 1908 సెప్టెంబరు 28న ఈ నదే నగరం మీద పడి వేలమందిని మింగింది. ఆ తర్వాతే విశ్వేశ్వరయ్యను పిలిపించారు, 1920కి ఉస్మాన్‌సాగర్ (గండిపేట చెరువు), 1927కి హిమాయత్‌సాగర్ లేచాయి. నగరంలో గండిపేట నీళ్లు తాగి పెరిగిన తరాలన్నీ ఈ గుట్టల వాన తాగినవే. ఇంకో చిత్రం కూడా ఉంది. ఈ గుట్టల తూర్పు వాలు మీద పడ్డ చినుకు మూసీలో కలిసి, 240 కిలోమీటర్లు నడిచి వాడపల్లి దగ్గర కృష్ణలో చేరుతుంది. పడమటి వాలు మీద పడ్డది కాగ్నాలోకి జారి, తాండూరు మీదుగా భీమను చేరి, అదీ కృష్ణలోకే పోతుంది. ఒకే మబ్బులోంచి పక్కపక్కన రాలిన రెండు చినుకులు మళ్లీ కలవాలంటే ఒకటి కర్ణాటకలోకి పోయి తిరిగి రావాలి. దీన్ని వ్యూ పాయింట్ దగ్గర నిలబడి ఊహించవచ్చు గానీ, అక్కడ సెల్ఫీ వరసలో మీ వంతు వచ్చేసి ఉంటుంది.

ఈ గుట్టల గాలి మంచిదని నిజాం కాలంలో ఇక్కడ క్షయ రోగులకు శానటోరియం పెట్టారు. ఆ గాలిని ఆదివారాల్లో వరసగా నిలబడ్డ కార్ల ఏసీలు ఇప్పుడు కాపాడుతున్నాయి. కోట్‌పల్లి ప్రాజెక్టులో కయాక్ ఎక్కేటప్పుడు లైఫ్ జాకెట్ వేసుకోండి, బకిల్ పెట్టుకోండి. ఈ ఒక్క మాట వెటకారం కాదు.

అడవి కూడా చూడాలనుకుంటే పూడూరు వైపు దామగుండం ఉంది. 2024 అక్టోబరు 15న అక్కడ నౌకాదళ రేడియో కేంద్రానికి శంకుస్థాపన చేశారు. జలాంతర్గాములతో మాట్లాడే అతి తక్కువ ఫ్రీక్వెన్సీ కేంద్రమది. తిరునల్వేలి వైపు 1990 నుంచి నడుస్తున్నదానికి ఇది తోబుట్టువు. మా ఊళ్లో చెరువులే సగం ఎండిపోయాయి, నేవీ ఎట్లొచ్చిందని ఒక పెద్దాయన అడిగితే నవ్వేసి ముందుకు పోవాలి. జవాబు చెప్పబోతే పొద్దు గూకుతుంది.

మధ్యాహ్నం తిండి దగ్గర పట్టుదలగా ఉండండి. ఇటు పక్క ఇళ్లలో జొన్నరొట్టె తింటారు. పెనం పక్కన ఒకావిడ రెండు చేతులతో చప్పుడు చేస్తూ రొట్టె కొడుతుంటే దానిలోకి పప్పు, పచ్చిమిరప కారం, ఉల్లిగడ్డ. మీరు బిర్యానీ అడగండి. హైదరాబాదులో దొరికేంత బాగా లేదని ఫిర్యాదు చేయండి. ఈ ఫిర్యాదు చేయడానికే చాలామంది ఇంతదూరం వస్తారు.

ఇప్పుడు తాండూరు. నిజానికి ఇక్కడికి రానేకూడదు. అనంతగిరి నుంచి వెనక్కి తిరగడమే అనుభవజ్ఞుల పద్ధతి. పొరపాటున వచ్చేస్తే గుడి, గుట్ట, కోట అని వెతుక్కుంటూ కారు దిగకుండా ఊరు చుట్టాలి. ఊరి బయట రోడ్డు పక్కన వరసగా పాలిష్ మిషన్లు, చెదిరిన బండల దొంతరలు, మిషన్ల నుంచి కారి తెల్లగా ఎండిన బురద కనిపిస్తాయి. వాటిని చూడగానే “అబ్బా, ఏం దుమ్ము” అనాలి. మాతో వచ్చిన ఒకాయన అక్కడ కారు ఆపి, బండల దుకాణం ముందు కుర్చీలో కూర్చున్నాయన్ని అడిగేశాడు.

“అన్నా, ఈడ హిస్టారికల్ ప్లేసులు ఏమన్నా ఉన్నయా?”

“ఏడికెల్లి వచ్చిన్రు సార్?”

“హైదరాబాద్.”

“మీ ఇంట్ల కింద ఏమేసిన్రు?”

“ఇప్పుడు టైల్సే అన్నా. మా నాయన ఇంట్ల బండలుండె.”

“మరి ఇంకేం చూస్తరు సార్? పుట్టినకాన్నుంచి చూసిందే గదా.”

ఇలాంటి మాటలు వింటే టూరు పాడవుతుంది. తాండూరు నేలలో సున్నపురాయి పలకలు పలకలుగా, పుస్తకంలో కాగితాల్లా పేరుకుని ఉంటుంది. మట్టి తీసి, ఉలితో సందు చూసి కొడితే పలక లేస్తుంది. నీలం ఒక రకం, పసుపు ఒక రకం. ఈ పొర కర్ణాటక సరిహద్దు దాటి షాబాద్ దాకా పోతుంది కాబట్టి కొందరు తాండూరు బండలంటారు, కొందరు షాబాద్ బండలంటారు. హైదరాబాదు పాత ఇళ్ల వాకిళ్లు, బడి వరండాలు, రైల్వే ప్లాట్‌ఫారాలు, ఆస్పత్రి వార్డులు, గవర్నమెంటు ఆఫీసులో మీ ఫైలు కదలక నిలబడ్డ చోటు, వేసవి మధ్యాహ్నం చాప కూడా వేసుకోకుండా మీరు వీపు ఆనించి పడుకున్న చల్లని నేల, చాలావరకు ఈ గుంతల్లోంచి లేచినవే. చారిత్రక కట్టడాల దగ్గర మెడ ఎత్తి చూడటం మనకు అలవాటు. ఇక్కడ తల దించాలి. అది కష్టం.

పలక లేపే పని చూడాలంటే ఓగిపూర్, మల్కాపూర్ వైపు పోవచ్చు. పోకండి. ఎండకు నీడ ఉండదు, కూలీలు ఆ ఎండలోనే ఉలి పట్టుకుని వంగి ఉంటారు, వాళ్ల ముందు “ఇక్కడ ఫొటో బాగా వస్తుంది” అనడం మొదట్లో కొంచెం ఇబ్బందిగా ఉంటుంది. టైల్స్ వచ్చాక బండలకు గిరాకీ తగ్గిందని కూడా వాళ్లే చెబుతారు. ఆ సమయానికి మీ జేబులో కొత్త ఫ్లాటు బ్రోచరు ఉండకపోతే మంచిది.

ఇదే సున్నపురాయి కరన్‌కోట్‌లో సిమెంటు కార్పొరేషన్ ఫ్యాక్టరీకి పోతుంది. దాని గొట్టం కనబడగానే పొల్యూషన్ గురించి ఒక మాట అనండి. ఆ మాట, కొన్న అపార్ట్‌మెంటు ఎన్నో అంతస్తులో ఉందో చెబుతూ మధ్యలో అనగలిగితే మరీ మంచిది. ఇదే రాయి మీద పరచుకున్న నల్లరేగడిలో కంది పండుతుంది. తాండూరు కందికి 2022 డిసెంబరులో భౌగోళిక గుర్తింపు వచ్చింది. రుచి, త్వరగా ఉడకడం, ఎక్కువకాలం నిల్వ ఉండటం, అన్నిటికీ ఈ నేలే కారణమంటారు. గోడ, గచ్చు, పప్పు, మూడూ ఒకే గుంత చుట్టూ తిరుగుతున్నాయన్నమాట. సాంబారు తిని, నేల తుడిచి, గోడకు మేకు కొట్టి, తర్వాత “తాండూరులో ఏముంది?” అని అడగడానికి ఎంతో నిబ్బరం కావాలి. మీకది ఉందని నాకు నమ్మకం.

బృందంలో రాజులు, రాజధానులు ఉంటేగానీ చరిత్ర కాదని పట్టుబట్టేవాడు ఒకడుంటాడు. తాండూరు పక్కనుంచి పారే కాగ్నా వెంబడి సేడం దాటి కిందికి పోతే మాల్ఖేడ్ వస్తుందని వాడికి తెలియనివ్వకండి. రాష్ట్రకూటుల మాన్యఖేటం అదే. ఎల్లోరాలో కొండను తొలిచి కైలాసాలయం చేయించిన వంశం ఈ ఏటి ఒడ్డునే రాజధాని పెట్టుకుంది. చెప్పారా, వాడు అక్కడికీ పోదామంటాడు, డ్రైవరు రాష్ట్రం పర్మిట్ అంటాడు, మీ ఫోనుకు కర్ణాటకకు స్వాగతమని మెసేజ్ వస్తుంది, తిరుగు ప్రయాణం ఎన్నింటికని అడిగేవాడు ఏడుపు మొహం పెడతాడు. కాగ్నాను వంతెన మీద నుంచి చూసి “వాగులా ఉంది” అనేసి వచ్చేయండి.

గంజ్ మార్కెట్‌లోకి కూడా పోవద్దు. అక్కడ ఒకే బేరం తెలుగులో మొదలై, ఉర్దూలో వేడెక్కి, కన్నడంలో తెగుతుంది. ఎవరు ఎవర్ని మోసం చేశారో మీకు అర్థం కాదు. కందిపప్పు కావాలంటే ఇక్కడ కొనకండి, సంచీ బరువు. హైదరాబాదు వెళ్లాక సూపర్ మార్కెట్‌లో రంగుల ప్యాకెట్టు మీద తాండూరు పేరు వెతికి, ఎక్కువ ధర ఇచ్చి కొనండి. అప్పుడది ప్రామాణికంగా అనిపిస్తుంది.

చివరి జాగ్రత్త చెప్పుల గురించి. వానాకాలంలో ఎక్కడ దిగినా రేగడి అంటుకుంటుంది. గీకితే పోదు, నీళ్లు పోస్తే ఇంకా పాకుతుంది. కారెక్కేముందు రోడ్డు పక్క పడేసిన పగిలిన బండ ముక్క ఒకటి తీసుకుని, దాని అంచుతో అడుగున గట్టిగా గీకండి. అదైతే వదులుతుంది. లేకపోతే కిరాయి బండి వాషింగ్ డబ్బులు మీ లెక్కలోనే రాస్తారు, ఆరుగురిలో ఎవరి చెప్పని తేలేసరికి చేవెళ్ల దాటుతారు.