నేనూ, మా లడ్డూ, ఒక చిన్న తెల్ల గోళీ

మా ఇంట్లో ప్రెడ్నిసలోన్ వాడినవాళ్లం ఇద్దరం. ఒకరు డాక్టరు చెప్పినన్నాళ్లే వేసుకుని, చెప్పినట్టే తగ్గించి, చెప్పినప్పుడే మానేశారు. ఆ పేషెంటు పేరు లడ్డూ. లాబ్రడార్ జాతి, చదువూ సంధ్యా లేదు. రెండో పేషెంటుని నేను. ఎమ్మెస్సీ బోటనీ, బీఎడ్. రిటైరయ్యేదాకా ఏటా బ్లాక్‌బోర్డు మీద రెండు మూత్రపిండాలు గీసి, వాటి నెత్తిన అధివృక్క గ్రంథులు పెట్టి, "పరీక్షలో తప్పకుండా వస్తుంది, రాసుకోండి" అని పిల్లల్ని బెదిరించినదాన్ని.

మేముండేది హైదరాబాద్ ఆబిడ్స్‌లో, చిరాగ్ అలీ లేన్ పక్క సందులో. నాకు ఆయాసం పుట్టింటి నుంచి తెచ్చుకున్న ఆస్తి. నాంపల్లిలో నుమాయిష్ జనవరి 1న తలుపులు తీస్తే ఫిబ్రవరి 15 దాకా ఆ దుమ్ము, ఆ బజ్జీల పొగ నాకు పడవని తెలుసు. తెలిసీ ఏటా వెళ్తాను, లక్నో చికన్ కుర్తాలు బేరమాడకుండా చలికాలం గడవదు. ఆ ఏడాది కుర్తాతోపాటు పిల్లికూతలు కూడా ఇంటికి తెచ్చుకున్నాను. డాక్టరుగారు ఐదు రోజులకి గోళీలు, ఎప్పటికీ ఇన్‌హేలరు రాశారు. నేను చీటీని కాస్త సవరించుకున్నాను: ఇన్‌హేలరు ఐదు రోజులు, గోళీలు ఎప్పటికీ.

ఎందుకంటే, ఇన్‌హేలరు అలవాటైపోతుందట. ఈ మాట నాకు ఎవరు చెప్పారో గుర్తులేదు గానీ గట్టిగా నమ్మాను. పైగా నలుగురిలో అది నోట్లో పెట్టుకుంటే రోగిష్టిదానిలా కనిపిస్తాం, గోళీ అయితే ఎవరూ చూడకుండా గుటుక్కున మింగేయొచ్చు. ఇన్‌హేలరులో పీల్చేది మైక్రోగ్రాముల లెక్క, అదీ నేరుగా ఊపిరితిత్తులకి. గోళీలో మిల్లీగ్రాములు, కడుపులోంచి రక్తంలో కలిసి ఒళ్లంతా తిరుగుతాయి. మిల్లీగ్రాముకి వెయ్యి మైక్రోగ్రాములని ఎన్ని తరగతులకి చెప్పానో! స్ట్రిప్ మీద డాక్టరు చీటీ లేనిదే అమ్మరాదని అచ్చేసి ఉంటుంది. అది మందుల షాపు కుర్రాడూ చదవలేదు, నేనూ చదవలేదు. నన్ను చూడగానే అతని చెయ్యి ఆ అర మీదికి వెళ్లేది.

మొదటి రోజులు స్వర్గం. ఆయాసం ఎక్కడికి పోయిందో తెలీదు. మెట్లు ఎక్కుతున్నానా, దిగుతున్నానా అన్న సోయి లేదు. ఇందులో నా గొప్పేం లేదట, స్టెరాయిడ్ జాతి మందు మహిమే అది. 1948 సెప్టెంబరులో అమెరికాలోని మేయో క్లినిక్‌లో ఫిలిప్ హెంచ్ అనే డాక్టరు, కీళ్లవాతంతో మంచాన పడ్డ 29 ఏళ్ల ఆవిడకి కార్టిజోన్ ఇచ్చాడు. వారం తిరక్కుండా ఆవిడ లేచి ఊళ్లోకి వెళ్లి మూడు గంటలు షాపింగ్ చేసి వచ్చింది. 1950లో హెంచ్‌కీ, కెండాల్‌కీ, రైక్‌స్టైన్‌కీ కలిపి నోబెల్ బహుమతి ఇచ్చారు. షాపింగ్ చేసినావిడకి మాత్రం ఏమీ ఇవ్వలేదు, నాకెందుకో ఆవిడ మీదే అభిమానం. నేనూ అంతే, ఆదివారం ఆబిడ్స్‌లో షాపులు మూసేసి పేవ్‌మెంట్ల మీద పాత పుస్తకాలు పరుస్తారే, ఆ వరస ఆ చివర నుంచి ఈ చివరకి ఊడ్చుకొచ్చాను. అందులో ఒక జర్మన్ వంటల పుస్తకం ఉంది. నాకు జర్మన్ రాదు.

తరవాత ఆకలి మొదలైంది. ఆకలంటే భోజనాల వేళకి వేసేది కాదు, గోళీ పుట్టించే ఆకలి. ఈ ఆకలితో ఉండటానికి ఆబిడ్స్ అంత ప్రమాదకరమైన పేట ఇంకోటి లేదు. తాజ్‌మహల్ హోటల్లో ఇడ్లీ తిని, మొజంజాహీ మార్కెట్ దాకా నడిచి సీతాఫలం ఐస్‌క్రీమ్ తిని, నడిచాను గదా అరిగిపోయి ఉంటుందని నాంపల్లి వైపు తిరిగి ఉస్మానియా బిస్కట్లు కట్టించుకునేదాన్ని. ఇంటికొచ్చి, పొద్దుటినుంచీ ఏమీ తినలేదన్న మొహంతో అన్నానికి కూర్చునేదాన్ని.

రాత్రిళ్లు నిద్ర లేదు. మన అధివృక్క గ్రంథుల్లో పుట్టే కార్టిసాల్ తెల్లవారుజామున పెరిగి రాత్రికి తగ్గుతుంది కాబట్టి, దాని పనే చేసే ఈ గోళీ కూడా పొద్దున్నే టిఫిన్ తిన్నాక వేసుకోవాలి. నేను రాత్రి పాలతో వేసుకునేదాన్ని. ఒంటిగంటకి అటక దులిపేదాన్ని. రెండింటికి ఫిర్యాదులు రాసేదాన్ని: డ్రైనేజీ గురించి మున్సిపాలిటీకి, మెట్ల మీద చెప్పుల గురించి అపార్ట్‌మెంట్ సంఘానికి, తప్పుడు తెలుగు గురించి పత్రికలకి. పొద్దున్నే ఆబిడ్స్ జీపీఓ తెరవకముందే మెట్ల మీద నిలబడేదాన్ని. మా ఆయన రైల్వేలో చేసి రిటైరైన మనిషి, లేటుకి అలవాటు పడ్డ ప్రాణం గనక ఏమీ అనలేదు. "చాయ్‌లో చక్కెర తక్కువైంది" అని ఒకసారి అన్నందుకు ఆయనకి కూడా ఒక ఫిర్యాదు అందింది, రెండు పేజీలు.

జూన్ వచ్చేసరికి నా మొహం గుండ్రంగా తేలింది. బుగ్గలు పొంగి కళ్లు లోపలికి పోయాయి, మెడ వెనక చిన్న దిండు లేచింది. మా అత్తయ్య మాత్రం మురిసిపోయింది. "ఇప్పుడు జర కళొచ్చింది బిడ్డా నీ మొకానికి." నలభై ఏళ్ల కాపురంలో ఆవిడ నన్ను మెచ్చుకున్నది అదొక్కసారే, అదీ సైడ్ ఎఫెక్టుని.

మృగశిర కార్తె రాగానే అత్తయ్యకి ఒకటే ధ్యాస: నాంపల్లి ఎగ్జిబిషన్ గ్రౌండ్స్‌లో బత్తినివారి చేప ప్రసాదం. బతికున్న కొర్రమీను పిల్ల నోట్లో పసుపుపచ్చ ముద్ద పెట్టి గొంతులో వేస్తారు. 1845 నుంచీ ఇస్తున్నామని ఆ కుటుంబం చెబుతుంది. శాకాహారులకి బెల్లంలో పెట్టి ఇస్తారు. ఆస్తమా తగ్గుతుందనడానికి శాస్త్రీయమైన ఆధారం లేదు, జనవిజ్ఞాన వేదికవాళ్లు ఏళ్ల తరబడి అడుగుతూనే ఉన్నారు. నేను సైన్సు టీచర్ని కదా, క్యూ మీద, చేప మీద, దేశం మీద ఒక ఉపన్యాసం దంచాను. అత్తయ్య అంతా విని, వక్క నములుతూ అంది: "గా చేప మింగినోళ్లు నలభై ఐదు దినాలు పథ్యం జేస్తరు. మూడేండ్లు వరసగ వస్తరు. నువ్వు మింగే గోళీకి పథ్యమేంది? ఎన్నొద్దులు మింగాల్నో నీకెరికేనా?" నాకు ఎరిక లేదు. మాట మార్చి బిస్కట్ డబ్బా తెరిచాను.

వానలు పడ్డాక లడ్డూకి దురద పట్టుకుంది. కాళ్లు నాకి నాకి ఎర్రగా చేసుకున్నాడు. మా ఆయన వాడిని నారాయణగూడ పశువుల ఆస్పత్రికి తీసుకెళ్లారు. మన ఊరి కుక్కలకి వైద్యసేవ కొత్త కాదు. 1889లో నిజాం సొమ్ముతో నడిచిన క్లోరోఫామ్ కమిషన్ వందల కుక్కల మీద ప్రయోగాలు చేసి, ఫలితాలని లాన్సెట్ పత్రికలో అచ్చేయించింది. ఆ సంగతి తెలియని లడ్డూ హుషారుగానే ఆటో ఎక్కాడు. చీటీ చూసి నేను ఉలిక్కిపడ్డాను. నా గోళీయే! బరువు తూచి లెక్కకట్టిన మోతాదు, కొన్నాళ్లు రోజూ, తరవాత సగం, తరవాత రోజు విడిచి రోజు, తరవాత బంద్. మా ఆయన దాన్ని రైల్వే టైమ్‌టేబుల్లా గళ్లు గీసి ఫ్రిజ్ తలుపుకి అంటించారు. గోళీ వేసిన ప్రతిసారీ సంతకం.

ఇక రాత్రి రెండింటికి ఫ్రిజ్ దగ్గర ఇద్దరం కలుసుకునేవాళ్లం. నేను పులిహోర కోసం, వాడు నీళ్ల కోసం. వాడూ ఒగురుస్తున్నాడు, వాడికీ పొట్ట జారింది, వాడూ కనిపించింది కనిపించినట్టు తింటున్నాడు. ఒకళ్ల నేరం ఒకళ్లం బయటపెట్టుకోలేదు. తేడా ఒక్కటే, వాడు హాల్లో మడుగు కట్టేవాడు. రోజూ తుడవలేక నేను రాత్రిపూట వాడి నీళ్ల గిన్నె బీరువా మీద పెట్టాను. ఇది తెలిసి పశువుల డాక్టరమ్మ నన్ను నిలబెట్టి కడిగేసింది. నీళ్లు పట్టి ఉంచమని కిడ్నీకి చెప్పే హార్మోన్ పనిని ఈ మందు కుక్కల్లో సాగనివ్వదు. ఒంట్లో నీరు ముందు పోతుంది, దాహం తరవాత వేస్తుంది. నీళ్లు దాచేస్తే మూత్రం ఆగదు, కుక్క ఎండిపోతుంది. చెయ్యాల్సింది రాత్రి ఇంకోసారి బయటికి తీసుకెళ్లడం. ఎలాగూ నాకు నిద్ర రాదు కాబట్టి ఆ డ్యూటీ నాకే పడింది.

శ్రావణంలో మేనకోడలి పెళ్లి. ఫొటోల్లో వధూవరుల పక్కన ఒక పూర్ణచంద్రుడు పట్టుచీర కట్టుకుని నిలబడ్డాడు. ఆ ఫొటో చూసిన రాత్రే పౌరుషం వచ్చి, స్ట్రిప్పులన్నీ చెత్తబుట్టలో పడేసి, రేపటి నుంచి ఒక్క గోళీ ముట్టనని ఒట్టు పెట్టుకున్నాను.

వారం తిరక్కుండా ఒట్టు నన్ను పడుకోబెట్టింది. లేస్తే కళ్లు తిరగడం, తింటే వాంతి, ఒంట్లో ప్రతి కీలూ నొప్పి. బీపీ మిషన్లో అంకెలు చూసి మా ఆయన ముందు మిషన్ పాడైందనుకున్నారు. ఆస్పత్రిలో సెలైన్ పెట్టి హైడ్రోకార్టిజోన్ ఎక్కించాక గానీ నేను మనుషుల్ని ఆనవాలు పట్టలేకపోయాను.

"ఐదు రోజుల కోర్సయితే టక్కున ఆపినా ఏం కాదమ్మా" అన్నారు డాక్టరుగారు. "మూడు నాలుగు వారాలు దాటితే ఆపడానికి ఒక పద్ధతుంది. రోజూ కర్రీ పాయింట్ నుంచి కూర తెచ్చుకుంటే ఇంట్లో పొయ్యి ఎవరు వెలిగిస్తారు? మీ అధివృక్క గ్రంథులు అలాగే వంట మానేశాయి. మీరేమో ఒక్కరోజులో కర్రీ పాయింట్ మూసేశారు. కొంచెం కొంచెంగా తగ్గిస్తే అవి మళ్లీ గరిట పట్టుకుంటాయి. ఇంతకీ మీరేం చేసేవారు?"

టీచర్నని చెప్పాను. ఏ సబ్జెక్టని అడిగారు. మా ఆయన ఎంతో ఉత్సాహంగా చెప్పేశారు.

గోళీ పుణ్యమా అని షుగరు చూస్తే 280. అప్పుడు మాత్రం నవ్వు రాలేదు. 2021 మేలో మా ఇంటికి నడకదూరంలో ఉన్న కోఠి ఈఎన్‌టీ ఆస్పత్రిని బ్లాక్ ఫంగస్‌కి నోడల్ కేంద్రం చేశారు. కన్ను పోయినవాళ్లు, దవడ తీసేయించుకున్నవాళ్లు అక్కడ వరండాల్లో కూర్చున్న ఆ కోవిడ్ రోజులు గుర్తొచ్చాయి. అదుపు తప్పిన షుగరు, దానికి తోడు అవసరాన్ని మించిన స్టెరాయిడ్లు ప్రధాన కారణాలని డాక్టర్లు మొత్తుకున్నారు. అంతకు ముందేడు ఆక్స్‌ఫర్డ్ పరిశోధనలో, ఆక్సిజన్ మీదున్న కోవిడ్ రోగుల్ని కాపాడిందని తేలింది కూడా స్టెరాయిడే. డెక్సామెథాసోన్, రోజుకి 6 మిల్లీగ్రాములు, పది రోజులకి మించకుండా. ఆ మోతాదు, ఆ గడువు దాటి వాట్సాప్ చీటీలతో సొంతంగా మింగినవాళ్లు మన వీధుల్లోనే ఎందరో. వాళ్లని నేను బాగా తిట్టాను అప్పట్లో.

ఇంటికొచ్చేసరికి ఫ్రిజ్ మీద రెండో టైమ్‌టేబుల్ అంటించి ఉంది. పైన లడ్డూ పేరు, కింద నా పేరు. వాడి గళ్లు చకచకా అయిపోయాయి, దురదా పోయింది. నావి నెలల తరబడి సాగాయి. 5 మిల్లీగ్రాముల దగ్గర నుంచి కిందికి దిగడం మరీ కష్టం, ఒక్కో మెట్టుకీ ఒళ్లు నొప్పులు, నీరసం, కారణం లేని ఏడుపు. ఇన్‌హేలరు రెండుపూటలా పీలుస్తున్నాను, పీల్చాక నోరు పుక్కిలిస్తున్నాను, నలుగురిలోనూ. మొహం మళ్లీ పాత కొలతకి వచ్చింది. "కళ తప్పినవ్" అంటోంది అత్తయ్య.

గోళీ మానేసినా గ్రంథులు పూర్తిగా కోలుకోవడానికి నెలలు పడుతుంది, ఒక్కోసారి ఏడాది. ఆలోగా పెద్ద జ్వరమొచ్చినా, ఆపరేషన్ పడినా స్టెరాయిడ్ వాడిన సంగతి ముందే చెప్పాలి. మీ ఇంట్లో చీటీ గడువు దాటిన స్ట్రిప్ ఉంటే దాన్ని చెత్తబుట్టలో కాదు, మీ డాక్టరు బల్ల మీద పెట్టండి. ఆ గోళీ వేసుకునే కుక్క ఉంటే దయచేసి దాని నీళ్ల గిన్నె జోలికి వెళ్లకండి.