మూతెడు మందు ధన్వంతరి

అలంకార చేపలను ఇంట్లో పెంచి, గుడ్లు పెట్టించి, పిల్లలను పైకి తేవాలని ఉబలాటపడేవారిలో, చేపల కంటే మందు సీసాలనే ఎక్కువ శ్రద్ధగా సాకే మనిషి ఒకడు తప్పక తారసపడతాడు. ఇతనిని గుర్తుపట్టడం కష్టం కాదు; గుడ్లకు బూజు పట్టకుండా నీటిలో కలిపే మిథిలీన్ బ్లూ అనే రంగుమందు అంటినచోటు ఒక పట్టాన వదలదు కనుక, ఇతని వేళ్లు, లుంగీ, తొట్టి అద్దాలను అతికించిన సిలికాన్ పట్టీ అన్నీ ఏడాది పొడవునా నీలవర్ణంలోనే ఉంటాయి.

ఇతని వైద్యశాస్త్రంలో కొలమానం ఒక్కటే, సీసా మూత. 60 సెంటీమీటర్ల పొడవు, 30 వెడల్పు, 30 ఎత్తు గల తొట్టిలో లెక్క ప్రకారం 54 లీటర్లు పట్టాలి గాని, అడుగున పరిచిన గులకరాళ్లను, పైన వదిలిన ఖాళీని తీసివేస్తే నికరంగా 45 లీటర్లకు అటూ ఇటూగానే ఉంటుందనీ, మోతాదును ఆ నికర నీటికే కట్టాలనీ ఎవరైనా చెప్పబోతే, “మన చెయ్యే కొలతండీ” అని నవ్వి, మొదటి మూతను చీటీ మీది సూచన కోసం, రెండవదాన్ని తన తృప్తి కోసం పోస్తాడు.

ఏంజెల్ చేపల జోడీ ఆకు మీద గుడ్లు పెట్టిన రోజున ఇతని ప్రతిభ పరాకాష్ఠకు చేరుతుంది. ఫలదీకరణ జరగని గుడ్లు తెల్లబడడం, ఆ చచ్చిన గుడ్ల మీద పుట్టిన బూజు పక్కవాటికి పాకడం సహజమే. అందుకే తెలిసిన పెంపకందారులు గుడ్లున్న ఆకును విడి తొట్టికి మార్చి, పక్కనే గాలిబుడగలు ఆడేలా అమర్చి, నీరు లేత నీలంగా మారేంత మందే వేసి, పిల్లలు ఈదసాగాక కొద్దికొద్దిగా నీరు మారుస్తూ ఆ రంగును వదిలిస్తారు. ఇతనికి అంత ఓపిక లేదు. తల్లిదండ్రులున్న పెద్ద తొట్టిలోనే సిరాబుడ్డి ఒలికినట్లు మందు కుమ్మరిస్తాడు. చేపల విసర్జనలోని అమోనియా అనే విషాన్ని దశలవారీగా నైట్రేటుగా మార్చే మేలు బాక్టీరియా ఫిల్టరులోనే కాపురముంటుంది. గుడ్లను కాపాడవలసిన మందు ముందుగా ఆ కాపురాన్ని కూలుస్తుంది. కలవరపడిన జంట తన గుడ్లను తానే మింగితే, “పొట్టలో పురుగులండీ” అని రోగనిర్ణయం చేసి, ఆ మందుకు బయలుదేరుతాడు.

తెల్లమచ్చ తెగులులో పరాన్నజీవి చేప చర్మంలో దాగి ఉన్నంతకాలం మందుకు అందదు. అది కిందికి రాలి, అనేక పిల్లలుగా విడిపోయి, నీటిలో ఈదే దశలోనే చస్తుంది గనుక చికిత్స కొన్నాళ్లు సాగవలసిందే. ఇతను మర్నాటికే మచ్చలు పోలేదని మందు మారుస్తాడు, ఆపై రెండింటినీ కలుపుతాడు, చివరికి రాగి కలిసిన మందు వేసి, ఏ పాపమూ ఎరుగని నత్తలను సామూహికంగా పరలోకానికి సాగనంపుతాడు.

ఇంత జరిగినా కొన్ని చేపలు బతికి బట్టకట్టడం శాస్త్రానికి విరుద్ధమేమీ కాదు. ఫిల్టరులోని బొగ్గు మందును పీల్చేసుకుంటుంది కనుక చికిత్సకు ముందు దాన్ని తీసివేయాలన్నది నియమం. ఇతను ప్రతిసారీ మరచిపోతాడు, ఆ మరపే చేపలకు శ్రీరామరక్ష. ఇక చెంబెడు నీళ్లలో కలిపి పోయవలసిన నాలుగో మందుకు తొట్టిలో చోటు చాలక, సగం నీరు తోడేసి, బకెట్లో నిల్వ ఉంచిన మంచినీరు నింపిన మర్నాడు చేపలు చలాకీగా తిరిగితే, ఆ ఘనత నాలుగో మందుకే దక్కుతుంది. సాయంత్రానికల్లా పక్క వీధిలో గప్పీలు పెంచే కుర్రాడికి దాని పేరు కాగితం మీద రాసిచ్చి, “కళ్లు మూసుకుని రెండు మూతలు వెయ్యి నాయనా” అని అభయమిస్తాడు.